సముద్రపు గాలికి నిలిచే నురగ

ఆగస్టులో ఒక ఆదివారం. రెండు రోజులుగా ముసురు వదల్లేదు. పొద్దున పదకొండింటికి ఓవెన్‌లోంచి తీసినప్పుడు నిమ్మ కేకు మీద తెల్లటి నురగ కప్పు శిఖరాలు శిఖరాలుగా నిలబడి ఉంది. కొసలు లేత బెల్లం రంగు తిరిగాయి. వేలితో తాకితే పైపొర కరకరలాడింది. భోజనాలయ్యి పిల్లలు బల్ల చుట్టూ చేరేసరికి మధ్యాహ్నం రెండున్నర. అప్పటికి శిఖరాలు ఒరిగిపోయాయి. పైన తేనె రంగు చెమట బొట్లు. కేకుకీ నురగకీ మధ్య పల్చటి పంచదార నీళ్ళు చేరి పళ్ళెం అంచుదాకా పాకాయి.

అనకాపల్లి నుంచి వచ్చిన మా పెద్దమ్మ కళ్ళజోడు సర్దుకుని వంగి చూసింది. "ఏటమ్మా, ఇది నీళ్ళోడుతున్నాదేటి?" అంది. ఎలా చేశానో మొదటినుంచీ చెప్పించుకుంది. తెల్లసొన గిలక్కొట్టి అందులో పంచదార పొడి కలిపానని విని, "పచ్చి పంచదారెందుకేసినావు? పాకం పట్టి పొయ్యలేకపోయినావా?" అంది.

పెద్దమ్మ గుడ్డు తినదు. ఈ నురగని మెరాంగ్ అంటారని అంతకుముందు వినలేదు. కానీ బేకరీ విద్యలో ఇటాలియన్ మెరాంగ్ అని నేర్పే పద్ధతి మొత్తం ఆ ఒక్క ప్రశ్నలో ఉంది. విశాఖ లాంటి సముద్రపు ఊరికి ఆ పద్ధతే ఎందుకు సరిపోతుందో నాకు నేనుగా అర్థం చేసుకోవడానికి తర్వాత ఇంకో మూడు చలికాలాలు పట్టింది. ఈ వ్యాసం ఆ మూడు చలికాలాల లెక్క.

తెల్లసొనలో ఏముంది

గుడ్డు తెల్లసొనలో దాదాపు 88 శాతం నీరే. మొత్తం బరువులో పదో వంతు ప్రొటీన్లు. ఉత్త నీటిని ఎంతసేపు గిలక్కొట్టినా బుడగలు నిలవవు, తలతన్యత వాటిని క్షణంలో పగలగొట్టేస్తుంది. తెల్లసొనలో బుడగ నిలవడానికి కారణం ఆ పదో వంతు ప్రొటీన్లే. ఒక్కో ప్రొటీన్ అణువు గట్టిగా చుట్టిన దారపు ఉండలాంటిది. నీటితో పొసగని భాగాలను లోపల దాచుకుని, పొసగే భాగాలను పైకి పెట్టుకుని ముడుచుకుని ఉంటుంది. బీటర్ తీగలు దాన్ని లాగి, అప్పుడే పుట్టిన గాలి బుడగ అంచుకి చేర్చగానే ముడి వీడుతుంది. నీటితో పొసగని భాగం గాలివైపు తిరుగుతుంది, పొసగే భాగం నీటిలోనే ఉండిపోతుంది, రెండు పక్కలా ఉన్న అణువులతో చేతులు కలుపుతుంది. ప్రతి బుడగ చుట్టూ ఇలా ఒక వల అల్లుకుంటుంది. రెండు గుడ్ల తెల్లసొన కొలిస్తే నాలుగు పెద్ద చెంచాలు. అదే గిన్నె నిండా ఎనిమిది రెట్ల దాకా పొంగేది ఈ వల బలంతోనే.

పచ్చసొన చుక్క పడితే నురగ రాదని చేసినవాళ్ళందరికీ తెలుసు. పచ్చసొనలోని కొవ్వు కూడా బుడగ అంచుకే పరుగెత్తుతుంది. అక్కడ ప్రొటీన్ కూర్చోవాల్సిన చోటు ఆక్రమిస్తుంది కానీ, ప్రొటీన్‌లా వల అల్లలేదు. ప్లాస్టిక్ గిన్నె ఎంత తోమినా సన్నటి జిడ్డు పొర మిగుల్తుంది కాబట్టి స్టీలు గిన్నె మేలు. గుడ్లకు మాత్రం మనకు కొదవ లేదు. దేశంలో గుడ్ల ఉత్పత్తిలో ఆంధ్రప్రదేశ్ ముందుంది, పత్రికల్లో వచ్చే గుడ్ల ధరల పట్టికలో విశాఖ పేరు రోజూ కనిపిస్తుంది.

వల అల్లుకోవడం ఎంత అవసరమో, మరీ బిగుసుకోకపోవడం అంతే అవసరం. అతిగా గిలక్కొడితే ప్రొటీన్ల మధ్య గంధకపు బంధాలు ఎక్కువై, వల ముడుచుకుని తనలోని నీటినే పిండేస్తుంది. నురగ గరుకుగా, విరిగిన పాలలా అవుతుంది. ఫ్రాన్సులో పాతకాలం నుంచీ తెల్లసొనను రాగి గిన్నెలో గిలక్కొట్టే అలవాటు ఉంది. దానికి కారణమేమిటని హెరాల్డ్ మెగీ, మరో ఇద్దరు పరిశోధకులు కలిసి వెతికి, 1984లో నేచర్ పత్రికలో రాశారు. గిన్నె గోడలనుంచి అతి కొద్దిగా రాలే రాగి, ఓవోట్రాన్స్‌ఫెరిన్ అనే ప్రొటీన్‌కి అతుక్కుని దాన్ని స్థిరపరుస్తుందని వాళ్ళు వివరించారు. గంధకపు బంధాలను రాగి అడ్డుకుంటుందన్న వివరణ తర్వాత వచ్చింది. మనకు రాగి గిన్నె అక్కర్లేదు. అర చెంచా నిమ్మరసం ఆ పని చేస్తుంది. ఆమ్లం ఉన్నచోట గంధకపు బంధాలు తేలిగ్గా ఏర్పడవు.

ఇక్కడ ఇంకో సంగతి ఉంది. గుడ్డు పెంకు నిండా కంటికి కనపడని రంధ్రాలు. పెట్టిన రోజునుంచీ వాటిగుండా కార్బన్ డయాక్సైడ్ బయటికి పోతూ ఉంటుంది. అందుకే తాజా గుడ్డు తెల్లసొన పీహెచ్ 7.6 దగ్గర ఉంటే, కొన్ని రోజులకు 9 దాటి క్షార గుణం పెరుగుతుంది. సొన పల్చబడుతుంది కూడా. పల్చటి సొన త్వరగా పొంగుతుంది, త్వరగా కూలుతుంది. గుడ్డు పాతబడేకొద్దీ నిమ్మ చుక్కల విలువ పెరుగుతుందన్నమాట.

బుడగ కూలడానికి వల ఒక్కటే కారణం కాదు. బుడగల మధ్య ఉన్న ద్రవం కిందికి జారిపోతూ ఉంటుంది. ద్రవం ఎంత చిక్కగా ఉంటే అంత నెమ్మదిగా జారుతుంది. మెరాంగ్‌లో పంచదార తీపికోసమే కాదు, ద్రవాన్ని చిక్కబరచడానికి కూడా. ఈ సంగతి మా ఊళ్ళో ఉక్కు కార్మికులకు కొత్త కాదు. విశాఖ ఉక్కు కర్మాగారంలో గోదావరి, కృష్ణ, అన్నపూర్ణ అని పేర్లున్న మూడు కొలుముల్లో కరిగిన ఇనుమును ఎల్‌డీ కన్వర్టర్లలో పోసి, పైనుంచి గొట్టంతో ఆక్సిజన్ ఊదుతారు. ఇనుములోని కార్బన్ కాలి వాయువై పైకొస్తుంది. పైన తేలే చిట్టెంలో, అంటే స్లాగ్‌లో, ఆ వాయువు చిక్కి నురగ కడుతుంది. స్లాగ్ చిక్కదనం, తలతన్యతలను బట్టి ఆ నురగ ఎంతసేపు నిలుస్తుందో తేలుతుంది. హద్దు దాటితే పాలు పొంగినట్టు కన్వర్టర్ మూతి మీంచి పొర్లుతుంది. 1,600 డిగ్రీల దగ్గర వాళ్ళు పొంగకుండా కాచుకునేదీ, వంటగదిలో నేను పడిపోకుండా కాచుకునేదీ ఒకే నురగ శాస్త్రం. ఆ కర్మాగారపు నైట్ షిఫ్టు వెలుగు ఆకాశంలో కనపడే ఇంట్లో పెరిగినవాళ్ళకి ఈ పోలిక తట్టకుండా ఉండదు.

ఉప్పు డబ్బా చెప్పే సంగతి

బీచ్ రోడ్డు వైపు ఇళ్ళల్లో కిటికీ ఊచలకు ఏటేటా రంగు వేయిస్తారు, లేకపోతే తుప్పు తినేస్తుంది. వానాకాలంలో ఉప్పు డబ్బాలో నాలుగు బియ్యపు గింజలు వేస్తారు. అప్పడాలు వేయించిన పది నిమిషాలకే మెత్తబడతాయి. ఇవన్నీ ఒకే లెక్క. 30 డిగ్రీల వేడి దగ్గర ఒక ఘనమీటరు గాలి సుమారు 30 గ్రాముల నీటి ఆవిరిని మోయగలదు. ముసురు రోజున సాపేక్ష ఆర్ద్రత 85 శాతం ఉంటే, చిన్న వంటగదిలోని 25 ఘనమీటర్ల గాలిలో అర లీటరు పైచిలుకు నీళ్ళు తేలుతున్నట్టే.

ప్రతి పదార్థానికీ ఒక గీత ఉంటుంది. గాలిలో తేమ ఆ గీత దాటితే అది గాలిలోంచి నీటిని లాక్కుని తనంతట తానే కరగడం మొదలెడుతుంది. వంటింటి ఉప్పుకు ఆ గీత 75 శాతం. పంచదార పలుకులకు 85 శాతం. అందుకే ఉప్పు ముందు చెమరుస్తుంది, పంచదార కాస్త ఆలస్యంగా. ఇది పలుకుల రూపంలో ఉన్న పంచదార మాట. పలుకులో అణువులు వరసగా, బిగుతుగా పేర్చి ఉంటాయి, నీరు చొరబడటం కష్టం.

కరకరలాడే మెరాంగ్‌లో పంచదార పలుకులుగా ఉండదు. తెల్లసొన నీటిలో కరిగి, ఓవెన్‌లో ఆ నీరు ఆవిరైనప్పుడు, అణువులు వరస కట్టే వ్యవధి లేక ఎక్కడివక్కడ గడ్డకట్టిపోతాయి. దీన్ని గాజు స్థితి అంటారు. కిటికీ అద్దం ఎలాంటిదో ఇదీ అలాంటిదే, కాకపోతే పంచదారతో చేసింది. మనం కొరికినప్పుడు పగిలేది బుడగల చుట్టూ ఉన్న ఆ సన్నటి పంచదార గాజు. వరస లేని అణువుల మధ్య సందులెక్కువ. గాలిలో తేమ 85 దాకా పోనక్కర్లేదు, అందులో సగం ఉన్నా ఆ గాజు నీటిని పీలుస్తుంది, మెత్తబడుతుంది, జిగురవుతుంది. విశాఖలో ఏడాది పొడుగునా గాలి ఆ హద్దుకి పైనే ఉంటుంది. గట్టిగా కరకరలాడే మెరాంగ్ పొడి గాలి దేశాల సరుకు. ఇక్కడ దాన్ని గాలి చొరని డబ్బాలో దాచుకోవాలే తప్ప కేకు మీద పెట్టి అతిథుల కోసం ఎదురుచూడలేం.

అనకాపల్లి బెల్లం వేస్తే ఏమవుతుందో కూడా చూశాను, మా వైపువాళ్ళకి ఆ ఆశ సహజం. పంచదార దాదాపు పూర్తిగా సుక్రోజ్. బెల్లంలో సుక్రోజ్‌తోబాటు గ్లూకోజ్, ఫ్రక్టోజ్, కొద్దిగా ఖనిజ లవణాలు ఉంటాయి. ఫ్రక్టోజ్‌కి ఆ తేమ గీత 62 శాతం చుట్టుపక్కలే. వానాకాలంలో బెల్లం దిమ్మ కారిపోయేది అందుకే. బెల్లం మెరాంగ్ రుచి అద్భుతం, ఆయుష్షు అరగంట. ఆ కమ్మదనం వదులుకోలేక ఇప్పుడు బెల్లాన్ని కేకు పిండిలో కాస్త వేస్తున్నాను. అక్కడ నీటిని పట్టి ఉంచే గుణం మేలే చేస్తుంది, కేకు మర్నాటికీ ఎండిపోదు.

ఆ ఆగస్టు కేకులో గాలి తేమ ఒక్కటే నేరస్థురాలు కాదు. పైన తేనె రంగు బొట్లు వచ్చాయంటే పైపొర అతిగా కాలిందని అర్థం. ప్రొటీన్ల వల బిగుసుకుని చక్కెర నీటిని బయటికి పిండేసింది. అడుగున నీళ్ళు చేరాయంటే అడుగు ఉడకలేదని అర్థం. చల్లారిన కేకు మీద నురగ పరిచాను. నురగ అంటే ముప్పాతిక మువ్వీసం గాలి, వేడిని లోపలికి పోనివ్వదు. ఐస్‌క్రీమును మెరాంగ్‌తో కప్పి ఓవెన్‌లో పెట్టినా కరగని బేక్డ్ అలాస్కా ఈ గుణం మీదే ఆధారపడింది. కొలిమి గోడల్లో వేడి బయటికి పోకుండా వాడే ఇటుకల్లో కూడా సన్నటి గాలి గుల్లలే ఉంటాయి. నా కేకులో ఆ గాలి గుల్లలు పైన మాడేదాకా అడుగుని పచ్చిగానే కాపాడాయి.

పాకం

ఆ ఏడు సంక్రాంతికి పెద్దమ్మ అరిసెల పాకం పడుతుంటే పక్కన కూర్చున్నాను. పొయ్యి పక్కన చిన్న గిన్నెలో చన్నీళ్ళు. గరిటె కొసనుంచి ఒక చుక్క అందులో వదిలింది. చుక్క విచ్చుకుని కరిగిపోయింది, ఇంకా లేతపాకం. రెండు నిమిషాల తర్వాత మరో చుక్క. ఈసారి అడుగున కూర్చుంది. రెండు వేళ్ళతో నీళ్ళలోనే దగ్గరికి చేర్చింది, మెత్తటి ఉండ అయింది, నొక్కితే చదునైంది. "ఇది అరిసెలికి. నీ గుడ్డు నురుక్కి ఇంకొంచెం ముదరాలేమో" అంది. వంట థర్మామీటరు పెట్టి చూశాను. 114 డిగ్రీలు.

ఉత్త నీరు 100 డిగ్రీల దగ్గర మరుగుతుంది. పంచదార కలిపిన నీరు అంతకంటే ఎక్కువ వేడి దగ్గర మరుగుతుంది, నీరు తగ్గి పంచదార పాలు పెరిగేకొద్దీ ఆ వేడి పెరుగుతూ పోతుంది. అంటే మరిగే పాకం వేడి తెలిస్తే అందులో ఎంత నీరు మిగిలిందో తెలిసినట్టే. తీగపాకం, ఉండపాకం, ముదురుపాకం అన్న మాటలు నీటి శాతానికి మన వంటిళ్ళు పెట్టుకున్న పేర్లు. మెరాంగ్‌కి కావలసింది 118 డిగ్రీలు, ఉండ కాస్త గట్టిగా, నొక్కితే ఆకారం నిలిచే పాకం. అక్కడ నీరు 12, 13 శాతమే మిగులుతుంది. పల్లీ చిక్కీకి పళ్ళెం మీద టంగుమనేదాకా ముదరనిచ్చే పాకం ఇక్కడ పనికిరాదు, నురగలో కలవకముందే తీగల్లా గడ్డకడుతుంది.

రెండు తెల్లసొనలకు 120 గ్రాముల పంచదార, 40 మిల్లీలీటర్ల నీరు. పాకం 110 దాటుతుండగా తెల్లసొనలో నిమ్మ చుక్కలు వేసి గిలక్కొట్టడం మొదలెట్టాలి. 118 చేరేసరికి నురగ మెత్తటి కొసలు నిలిచేలా ఉండాలి. అప్పుడు బీటర్ ఆపకుండా, పాకాన్ని సన్నటి ధారగా గిన్నె గోడవారగా పొయ్యాలి. తీగల మీద పడితే చిమ్మి గోడకి అంటుకుపోతుంది. ధార పడుతున్నప్పుడు దగ్గరగా చూడండి. పొడిబారి మసకగా ఉన్న నురగ మెల్లగా పట్టులా నిగనిగలాడుతుంది. గిన్నె వేడెక్కుతుంది. మొదట కాస్త అణిగినట్టుండి, తర్వాత మళ్ళీ పొంగి బరువెక్కుతుంది. బీటర్ పైకెత్తితే కొస పక్షి ముక్కులా వంగి అక్కడే ఉండిపోతుంది.

ఆ రెండు మూడు నిమిషాల్లో జరిగింది ఇది. పంచదార పూర్తిగా కరిగి వచ్చింది కాబట్టి పలుకులు మిగిలిపోయి తర్వాత నీళ్ళు ఓడే ప్రమాదం లేదు. చిక్కటి పాకం ప్రతి బుడగ చుట్టూ పొరగా చేరింది, జారిపోదు. వేడికి ప్రొటీన్లలో కొన్ని గడ్డకట్టడం మొదలైంది. ఓవోట్రాన్స్‌ఫెరిన్ 60 డిగ్రీలు దాటగానే గట్టిపడుతుంది. తెల్లసొన ప్రొటీన్లలో సగానికి పైగా ఉన్న ఓవాల్బ్యుమిన్‌కి మాత్రం 80 డిగ్రీలు దాటాలి, అది ఓవెన్‌లో జరుగుతుంది. అన్నిటికంటే ముఖ్యం, ఈ మెరాంగ్ ఎండిన గాజు కాదు, మెత్తటి తడి నురగ. దానిలోని తడికీ విశాఖ గాలి తడికీ పెద్ద ఎడం లేదు. ఎడం లేనిచోట నీరు ఇటునుంచి అటు పరుగెత్తదు. సముద్రపు గాలికి ఇది నిలవడానికి కారణం ఇదేనని నా నమ్మకం. పొడి మెరాంగ్ గాలితో పోరాడుతుంది, పాకం మెరాంగ్ గాలితో సర్దుకుంటుంది.

ఒక జాగ్రత్త చెప్పాలి. పాకం 118 డిగ్రీలున్నా, చల్లటి తెల్లసొనలో కలిసేసరికి మొత్తం నురగ వేడి చాలా పడిపోతుంది. సాల్మొనెల్లా లాంటి సూక్ష్మజీవులు చావాలంటే గుడ్డు 71 డిగ్రీలకు చేరడం భద్రం. గర్భిణులు, చిన్నపిల్లలు, పెద్దవాళ్ళు తినే ఇంట్లో దీన్ని అలాగే వడ్డించకూడదు. వేడి కేకు మీద పరిచి, 175 డిగ్రీల ఓవెన్‌లో పన్నెండు పదిహేను నిమిషాలుంచి, పొర మధ్యలో థర్మామీటరు గుచ్చి చూసుకోవాలి. కేకు వేడిగా ఉంటే అడుగు కూడా ఉడుకుతుంది, నీళ్ళు చేరవు.

పైన వచ్చే లేత గోధుమ రంగుకి పంచదార మాడటం ఒక్కటే కారణం అనుకునేదాన్ని నేనూ. కానీ తెల్లసొనలో సహజంగానే అర శాతం లోపు గ్లూకోజ్ ఉంటుంది. అది ప్రొటీన్లతో కలిసి వేడికి గోధుమ రంగు, కమ్మటి వాసన పుట్టిస్తుంది. 1912లో ఈ చర్యను వివరించిన ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త లూయీ కమీయ్ మెయ్యార్ పేరుతోనే దాన్ని పిలుస్తారు. దోసె ఎర్రబడేదీ, ఉల్లిపాయ వేగేటప్పుడు వాసన వచ్చేదీ ఈ చర్యలోనే.

నిమ్మ ఎప్పుడు పిండాలి

విదేశీ పుస్తకాల్లోని నిమ్మ మన నిమ్మ కాదు. అది పెద్దగా, పసుప్పచ్చగా, మందపు తొక్కతో ఉంటుంది. గూడూరు, తెనాలి మార్కెట్ల నుంచి మనకొచ్చేది కాగ్జీ నిమ్మ. పేరుకు తగ్గట్టే కాగితమంత పల్చటి తొక్క. తురమబోతే రెండు రాపిడుల్లో కిందున్న తెల్లటి చేదు పొర తగులుతుంది. నిమ్మ వాసనంతా పై రంగు పొరలోని సన్నటి నూనె తిత్తుల్లో ఉంటుంది. తొక్కను వెలుతురులో వంచి నొక్కితే తుంపరగా చిమ్మేది ఆ నూనే. అందులో ఎక్కువ భాగం లిమొనీన్, నిమ్మకు నిమ్మ వాసననిచ్చేది సిట్రాల్. అందుకే నేను తొక్కకి దబ్బకాయనో కమలానో వాడి, పులుపుకి కాగ్జీ నిమ్మను వాడుతున్నాను. దబ్బ తొక్క మందం, నూనె దండిగా ఉంటుంది. మజ్జిగలో దబ్బాకు నలిపి వేసే ఇళ్ళకి ఆ వాసన చెప్పనక్కర్లేదు. తురుమును పంచదారలో వేసి వేళ్ళతో రుద్దితే పలుకుల అంచులు నూనె తిత్తులను చీలుస్తాయి. పంచదార తడిసి, లేత పసుపు రంగు తిరిగి, గదంతా వాసన వేస్తుంది. ఆ నూనె వెన్నలో కలిసి ఓవెన్ వేడిని చాలావరకు తట్టుకుంటుంది.

రసం సంగతి వేరు. నిమ్మకాయ పులిహోరలో రసం ఎప్పుడు పిండుతారు? పొయ్యి మీంచి దించాకే. వేడి మీద పిండితే చేదొస్తుందని ప్రతి ఇంట్లోనూ చెబుతారు. నిమ్మజాతి పండ్లలో చేదు లేని ఒక పదార్థం ఉంటుంది, పండు కోసి రసం తీశాక ఆమ్లంతో కలిసి అది క్రమంగా లిమొనిన్ అనే చేదు పదార్థంగా మారుతుంది. వేడి ఆ మార్పును తొందరపెడుతుంది. పైగా తాజా రసంలోని లేత వాసనలు వేడికి ఎగిరిపోతాయి. కేకుకీ అదే న్యాయం. పిండిలో తురుము, ఓవెన్‌లోంచి తీశాక నిమ్మరసం, పంచదార కలిపిన పల్చటి పానకం చెంచాతో కేకు మీద.

కేకు పొంగడం గురించి ఒక్క మాట. బేకింగ్ పౌడర్ కొత్త బుడగలను పుట్టించదు. వెన్న, పంచదార కలిపి తెల్లబడేదాకా గిలక్కొట్టినప్పుడు చిక్కుకున్న గాలి బుడగల్లోకే దాని కార్బన్ డయాక్సైడ్ చేరి వాటిని పెద్దవి చేస్తుంది. గిలక్కొట్టడం సగంలో ఆపితే ఎంత పౌడర్ వేసినా పెద్ద పెద్ద గుల్లలు వస్తాయి తప్ప మెత్తదనం రాదు.

లంబసింగి పండు

ఈ కేకు మీద నేను పెట్టే స్ట్రాబెర్రీలు లంబసింగివి. నర్సీపట్నం నుంచి చింతపల్లి వెళ్ళే ఘాటు రోడ్డులో ఉంది ఆ ఊరు. 2022 దాకా విశాఖ జిల్లాలో ఉండేది, ఇప్పుడు అల్లూరి సీతారామరాజు జిల్లాలోకి వెళ్ళింది. దాన్ని కొర్రబయలు అని కూడా అంటారు, రాత్రి బయట ఉన్నవాడు కొయ్యలా బిగుసుకుపోతాడని. సముద్ర మట్టానికి సుమారు వెయ్యి మీటర్ల ఎత్తు. చలికాలంలో పొద్దున్నే సున్నా డిగ్రీలకు దగ్గరగా చేరే ఇలాంటి చోట్లు తెలుగునాట బహు తక్కువ. స్ట్రాబెర్రీ మొక్క పూయడానికి చిన్న పగళ్ళు, చల్లటి రాత్రులు కావాలి. రెండూ ఇక్కడ దొరికాయి. డిసెంబరు నుంచి ఆ పళ్ళు కొండ దిగి విశాఖ వస్తాయి.

ఆ పండు చరిత్రలోనూ సముద్ర ప్రయాణం ఉంది. 1714లో అమెదే ఫ్రెజియే అనే ఫ్రెంచి సైనిక ఇంజనీరు చిలీ నుంచి పెద్ద కాయలు కాసే జాతి మొక్కల్ని ఓడలో తెచ్చాడు. ఉత్తర అమెరికా నుంచి అంతకుముందే వచ్చిన మరో జాతితో అది యూరప్ తోటల్లో సంకరమైంది. ఈ రోజు ప్రపంచమంతా తినే స్ట్రాబెర్రీ ఆ సంతానమే.

మామిడి, అరటి కోశాక పండుతాయి. స్ట్రాబెర్రీ పండదు. తెల్ల భుజాలతో కోసిన పండు మెత్తబడుతుంది, ఎర్రబడినట్టు కూడా కనిపిస్తుంది, తీపి మాత్రం పెరగదు. అందుకే తొడిమ దగ్గరిదాకా ఎర్రగా ఉన్నవే ఏరుకోవాలి. కడిగితే వెంటనే తుడవాలి, పల్చటి తోలు నీటిని ఆపలేదు. ఇంకో విశేషం, వృక్షశాస్త్రం లెక్కలో స్ట్రాబెర్రీ బెర్రీ కాదు. పైన కనపడే గింజల్లాంటి ఒక్కోటీ ఒక్కో పండు, మనం తినే ఎర్ర కండ పువ్వు అడుగున ఉబ్బిన భాగం. వంకాయ, టమాటా, అరటి, ద్రాక్ష మాత్రం అసలైన బెర్రీలు. నిమ్మ కూడా బెర్రీలలో ఒక రకమే.

ఎర్ర రంగు ఆంథోసయనిన్లది. నేరేడు పండు తిన్న నాలుక మీది ఊదా రంగూ ఆ కుటుంబానిదే. ఆమ్లంలో ఎర్రగా, క్షారంలో నీలంగా మారే గుణం వీటిది. నేరేడు రసంలో చిటికెడు వంటసోడా వేసి పిల్లలకు చూపించండి. సోడా ఎక్కువైన పిండిలో పళ్ళ ముక్కలు కలిపితే కేకులో బూడిద నీలపు మచ్చలు పడేది ఇందుకే. నిమ్మ కేకు మీద, నిమ్మ చుక్కలు పడిన మెరాంగ్ మీద ఆ రంగు భద్రం.

ఒక్క శత్రువుంది, ద్రవాభిసరణం. కోసిన పండు ముఖాన్ని పంచదారకు తాకిస్తే కణాల్లోని నీరు తీపి ఎక్కువున్న వైపు పోతుంది. పది నిమిషాల్లో మెరాంగ్ మీద గులాబీ రంగు గుంట పడుతుంది. పళ్ళను కోయకుండా నిలువుగా, కొస పైకి వచ్చేలా పెడితే తోలు కొంతసేపు అడ్డుగా ఉంటుంది. కోయాలనిపిస్తే వడ్డించే క్షణంలోనే కోయాలి.

ఇక్కడే లెక్కలు కలిశాయి. లంబసింగి పళ్ళు వచ్చే నెలల్లోనే విశాఖ గాలి ఏడాదిలో అన్నిటికంటే పొడిగా ఉంటుంది. 24 డిగ్రీల సాయంత్రం, 65 శాతం తేమ ఉంటే ఘనమీటరు గాలిలో నీరు 14 గ్రాములు. ఆగస్టు ముసురులో ఉన్నదాంట్లో దాదాపు సగం. పండగ సెలవులకి ఇంటికొచ్చిన పిల్లలకు ఈ కేకు చేయాలంటే ఈ ఊరికి ఇంతకంటే మంచి కాలం లేదు.

మొన్న జనవరిలో చేశాను. పొద్దున పదకొండింటికే ఓవెన్‌లోంచి తీసి, వంటగది కిటికీ పక్కన పెట్టాను. డాల్ఫిన్స్ నోస్ కొండ వైపు నుంచి గాలి వస్తూనే ఉంది. సాయంత్రం ఐదింటికి పెద్దమ్మ వచ్చి పళ్ళేన్ని కాస్త వంచి, అంచు కింద వేలు పెట్టి చూసింది. వేలు పొడిగానే ఉంది. తను తినకపోయినా కత్తి తడిపి ముక్కలు తనే కోసింది, పిల్లల పళ్ళేల్లో పెట్టి, మిగిలిన స్ట్రాబెర్రీలు ఒక్కోటీ తుడిచి పక్కన పెట్టింది.